చెత్త డబ్బా గుర్తుగా ఉన్న హాకీ జట్టు: డాన్‌బరీ ట్రాషర్స్‌ను ఆ ఊరు గర్వంగా గుర్తుపెట్టుకోవచ్చా?

మంచుబాట (కనెక్టికట్)

2004 చలికాలంలో ప్రాజెక్టు పని మీద అమెరికాలో, కనెక్టికట్ రాష్ట్రంలోని డాన్‌బరీ దగ్గర ఒక అపార్ట్‌మెంట్‌లో నలుగురం ఉండేవాళ్ళం. నలుగురికీ కలిపి ఒకటే కారు. బయట మోకాలి లోతు మంచు. ఒక శుక్రవారం ఆఫీసులో పెద్దాయన ఒకరు రెండు టికెట్లు చేతిలో పెట్టి, హాకీ చూసి రమ్మన్నారు. మాకు తెలిసిన హాకీ ధ్యాన్‌చంద్ ఆడిన హాకీ. మంచు గడ్డ మీద, కాళ్ళకు కత్తులు కట్టుకుని ఆడేది అదే మొదటిసారి చూడటం.

ఆ జట్టు పేరు డాన్‌బరీ ట్రాషర్స్. చెత్త డబ్బా చేతిలో హాకీ కర్ర పట్టుకున్నట్టు ఉంటుంది వాళ్ళ లోగో. యజమాని జేమ్స్ గలాంటె, ఆ ప్రాంతంలో చెత్త ఎత్తే వ్యాపారం చాలావరకు ఆయనదే. జట్టును నడిపింది ఆయన కొడుకు ఏజే. అప్పుడు వాడి వయసు 17. హైస్కూల్ అప్పుడే అయిపోయింది, గాయం వల్ల ఆట మానేశాడు. ఆటగాళ్ళను ఎంచుకోవడం నుంచి అన్నీ ఆ కుర్రాడి చేతిలోనే.

ఆడింది యునైటెడ్ హాకీ లీగ్‌లో. అమెరికా, కెనడాల్లో అందరూ వినే పెద్ద లీగ్ ఎన్‌హెచ్‌ఎల్ పైన ఉంటుంది, దాని కింద ఏహెచ్‌ఎల్, ఆ కింది మెట్ల మీద ఉండేవి ఈ యూహెచ్‌ఎల్ లాంటివి. జట్టు బతికింది రెండే సీజన్లు, 2004–05, 2005–06. రెండో ఏడు ఫైనల్ దాకా వెళ్ళి కలమజూ వింగ్స్ చేతిలో ఓడింది. కొద్ది వారాలకే, 2006 జూన్‌లో, చెత్త వ్యాపారంలో మాఫియాతో చేతులు కలిపాడన్న కేసులో ఎఫ్‌బీఐ గలాంటెను అరెస్టు చేసింది. జట్టు అక్కడితో సరి.

2021లో నెట్‌ఫ్లిక్స్‌లో ఈ జట్టు మీద డాక్యుమెంటరీ వచ్చాక, ఎన్నడూ హాకీ చూడనివాళ్ళు కూడా ఆ చెత్త డబ్బా టీషర్టులు వేసుకుని తిరుగుతున్నారు. మొన్న మా తెలుగు మిత్రుల విందులో ఇదే మాట వచ్చింది. ఒకాయన నా టీషర్టు చూసి, "మాఫియా బొమ్మ వేసుకుని తిరుగుతున్నావేంటి?" అన్నారు. ఆయనకు జవాబు ఇక్కడ చెబుతున్నాను. ఆ జట్టు డాన్‌బరీకి గర్వకారణమే. సుమారు 3,000 మంది పట్టే ఆ మంచు మైదానంలో, అంటే రింక్‌లో, 102వ సెక్షన్‌లో జనం గొంతు చించుకుని అరుస్తుంటే, ఊరికి ఊరు ఒక్కటైనట్టు అనిపించేది. ఒకప్పుడు టోపీల తయారీకి అమెరికా అంతా పేరున్న ఊరు అది. ఆ పరిశ్రమ పోయాక మళ్ళీ దాని పేరు బయట వినపడింది ట్రాషర్స్ వల్లే. యజమాని చేసిన తప్పుకు జట్టును ఎందుకు తుడిచేయాలి?

---

గోల్‌పోస్ట్ (టొరంటో)

మంచుబాట గారూ, మీ అనుభవం కాదనను. కానీ "యజమాని చేసిన తప్పు" అని ఒక్క ముక్కలో దాటేశారు. అది ఎంత పెద్దదో ఇక్కడ చదివేవాళ్ళకు తెలియాలి.

2006 నాటి అభియోగపత్రంలో 29 మంది మనుషులు, 10 వ్యాపార సంస్థలు ఉన్నాయి. మొత్తం 117 అభియోగాలు. అసలు కథ ఏమిటంటే, పశ్చిమ కనెక్టికట్‌లోనూ పక్కనున్న న్యూయార్క్ జిల్లాల్లోనూ చెత్త ఎత్తే కంపెనీలు ఒక మాట మీద ఉండేవి. ఒకరి ఖాతాదారుడి దగ్గరికి ఇంకొకరు తక్కువ ధర పట్టుకుని పోకూడదు. పోతే బెదిరింపులు. ఈ ఏర్పాటుకు అండగా ఉన్నందుకు న్యూయార్క్ జెనొవీజ్ మాఫియా కుటుంబం పెద్ద మాథ్యూ ఇయనియెల్లోకు మూడు నెలలకోసారి 30,000 డాలర్లు ముట్టేవి. అంటే ఏడాదికి లక్షా ఇరవై వేలు.

2008లో గలాంటె నేరం ఒప్పుకున్నాడు. కోర్టు 87 నెలల జైలు శిక్ష వేసింది. వంద మిలియన్ డాలర్లకు పైగా విలువున్న వ్యాపారాలు, ఆస్తులు ప్రభుత్వానికి వదులుకున్నాడు. కొన్నాళ్ళు అమెరికా కేంద్ర ప్రభుత్వ అధికారులు, మార్షళ్ళే ఆ చెత్త కంపెనీలను నడపాల్సి వచ్చింది. అంతకుముందు 1999లోనూ పన్ను ఎగవేత కేసులో ఆయనకు శిక్ష పడింది. తెలియక చేసిన పొరపాటు అనడానికి లేదు.

ఇక హాకీ విషయం. యూహెచ్‌ఎల్‌లో ఒక్కో జట్టు జీతాలకు పరిమితి 2,75,000 డాలర్లు. ట్రాషర్స్ ఖర్చు చేసింది సుమారు 7,50,000. మిగతాది ఎలా ఇచ్చారు? ఆటగాళ్ళను, వాళ్ళ భార్యలను చెత్త కంపెనీల్లో ఉద్యోగులుగా చూపించి. చేయని పనికి జీతం. ఇది కూడా కేసులో భాగమే. లీగ్‌ను మోసం చేసినట్టు ఆయన ఒప్పుకున్న నేరాల్లో ఉంది. కాబట్టి జట్టు వేరు, నేరం వేరు అని విడదీయడం కుదరదు.

---

లెక్కలపుస్తకం (విశాఖపట్నం)

ఆ రెండు అంకెలు పక్కపక్కన పెట్టి చూడండి. జట్టుకు ఇరవై మంది అనుకుంటే, పరిమితి ప్రకారం సగటున ఒక్కో ఆటగాడికి సీజన్‌కు 13,750 డాలర్లు. అమెరికాలో ఆ డబ్బుతో ఇల్లు గడవదు. ట్రాషర్స్ లెక్కన 37,500. దాదాపు మూడింతలు.

ఇప్పుడు ఆటగాడి వైపు నుంచి ఆలోచించండి. వయసు 28, పెళ్ళయింది, పిల్ల ఉంది, మోకాళ్ళు అరిగిపోయాయి, ఎన్‌హెచ్‌ఎల్ ఆశ ఎప్పుడో పోయింది. ఒక ఊళ్ళో వారానికి కొన్ని వందల డాలర్లు ఇస్తామంటారు. డాన్‌బరీలో ఇల్లు గడిచే జీతం ఇస్తామంటారు. ఎవరైనా ఎక్కడికి వెళతారు? నాకు ఆ ఆటగాళ్ళ మీద ఏ కోపమూ లేదు. కింది స్థాయి ఆటగాళ్ళను ఆకలితో ఉంచిన పద్ధతి మీద కోపం ఉంది.

కానీ మిగతా జట్లో? అవి పరిమితికి కట్టుబడి ఆడాయి. వాళ్ళ ఊళ్ళలోనూ టికెట్ కొని వచ్చిన జనం ఉన్నారు. కొలంబియా నుంచి ఖరీదైన బొగ్గు తెప్పించుకున్నవాడితో, ఊరి చివర పుల్లలు ఏరుకున్నవాడు పోటీపడి వంట చేసినట్టు ఉంటుంది అది.

---

మంచుబాట (కనెక్టికట్)

లెక్కలపుస్తకం గారూ, అంత మోసం చేసినా ట్రాషర్స్ ఒక్క కప్పు కూడా గెలవలేదు కదా. ఆ లీగ్ కప్పు, కలోనియల్ కప్, 2005లో మస్కీగన్ ఫ్యూరీది, 2006లో కలమజూది. డబ్బుతో కప్పు రాలేదు.

ఇంకో మాట. ఆ లీగ్‌లో జట్లు పుట్టడం, పోవడం మామూలు. కాన్సస్ సిటీ అవుట్‌లాస్ ఒక్క సీజన్ ఆడి మూతపడింది. రోనోక్ వ్యాలీ వైపర్స్ కూడా ఒక్కటే. 2006లో ట్రాషర్స్‌తో పాటే అడిరోండాక్, రిచ్‌మండ్, మిసోరి జట్లూ పోయాయి. వాటిలో ఏ మాఫియా లేదు, నిజాయితీగా నష్టపోయి మూసుకున్నాయి. వాటి టీషర్టు వేసుకున్నవాణ్ణి ఈరోజు ఎక్కడైనా చూశారా? జనం మనసులో నిలిచింది డాన్‌బరీ ఒక్కటే. దానికి ఏదో కారణం ఉండాలి.

2004–05లో ఎన్‌హెచ్‌ఎల్ యజమానులకూ ఆటగాళ్ళకూ గొడవ వచ్చి పై లీగ్ మొత్తం రద్దయింది. అప్పుడు మైక్ రప్ డాన్‌బరీకి వచ్చి ఆడాడు. 2003లో ఎన్‌హెచ్‌ఎల్ కప్పు అయిన స్టాన్లీ కప్ ఫైనల్ ఏడో మ్యాచ్‌లో న్యూజెర్సీ డెవిల్స్‌ను గెలిపించిన గోల్ కొట్టిన మనిషి ఆయన. హాకీ దిగ్గజం వేన్ గ్రెట్జ్‌కీ తమ్ముడు బ్రెంట్ కూడా కొన్నాళ్ళు ఆడాడు. అంతటివాళ్ళు మా పక్క ఊరి రింక్‌లో, పది అడుగుల దూరంలో! అద్దానికి ముఖం ఆనించి చూశాను నేను.

---

హాకీ అమ్మ (బాస్టన్)

నమస్తే. మా అబ్బాయి ఆరేళ్ళ వయసు నుంచి ఐస్ హాకీ ఆడుతున్నాడు. తెల్లవారుజామున అయిదింటికి రింక్‌కు తీసుకెళ్ళే తల్లుల్లో నేనూ ఒకదాన్ని. ఇప్పటిదాకా ఇక్కడ ఎవరూ మాట్లాడని విషయం ఒకటి అడుగుతాను. ఆ 3,000 మంది దేనికి అరిచారు?

తెలియనివాళ్ళ కోసం చెబుతాను. ఐస్ హాకీలో ఇద్దరు చేతి తొడుగులు విసిరేసి పిడిగుద్దులు గుద్దుకుంటే రెఫరీలు కాసేపు చూస్తూ ఊరుకుంటారు. తర్వాత ఇద్దరినీ అయిదు నిమిషాలు పెనాల్టీ బాక్స్‌లో కూర్చోబెడతారు. ఆ కొట్లాట కోసమే ఉండే ఆటగాళ్ళను ఎన్‌ఫోర్సర్లు అంటారు. ట్రాషర్స్ జట్టును కట్టిందే ఆ లెక్కన. బ్రాడ్ వింగ్‌ఫీల్డ్, రుమన్ ఎన్‌డూర్ లాంటివాళ్ళను తెచ్చింది అందుకే. మొదటి సీజన్‌లో ఆ జట్టు పెనాల్టీ నిమిషాలు రెండున్నర వేలు దాటాయి. మ్యాచ్‌కు సగటున ముప్పై నిమిషాలకు పైనే. మ్యాచ్ అరవై నిమిషాలు. అదే సీజన్‌లో యజమాని ఒక లైన్స్‌మన్‌ను (రెఫరీకి సాయంగా ఉండే అధికారిని) కొట్టాడని అరెస్టయ్యాడు. వింగ్‌ఫీల్డ్‌కు మంచు మీదే కాలు విరిగింది.

ఎన్‌ఫోర్సర్ల తలకు ఏం జరుగుతుందో ఇప్పుడు మనకు తెలుసు. డెరెక్ బూగార్డ్ అనే ఎన్‌హెచ్‌ఎల్ ఎన్‌ఫోర్సర్ 2011లో 28 ఏళ్ళకే పోయాడు. బాస్టన్ యూనివర్సిటీ వాళ్ళు మెదడు పరీక్షిస్తే, పదేపదే దెబ్బలు తగిలితే వచ్చే సీటీఈ అనే జబ్బు బయటపడింది. 28 ఏళ్ళండీ. మా అబ్బాయికి పదేళ్ళు పోతే ఆ వయసే. ఆ వార్త చదివిన రాత్రి వాడి హెల్మెట్ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను.

2005లో ఇదంతా జనానికి ఇంతగా తెలియదు, ఒప్పుకుంటాను. కానీ తెలిసిన తర్వాత కూడా ఆ కొట్లాటలనే తెర మీద మళ్ళీ మళ్ళీ చూసి పొంగిపోవడం నాకు మింగుడుపడదు. చెత్త డబ్బా టీషర్టు మీద నాకున్న అభ్యంతరం మాఫియా గురించి కాదు, ఇది.

---

మంచుబాట (కనెక్టికట్)

అమ్మా, మీ మాటకు నా దగ్గర జవాబు లేదు. నేనూ అరిచాను. ఎవరికైనా రక్తం కారితే ఇంకా గట్టిగా అరిచాను. అప్పుడు నాకు 26.

---

కొట్టు పెద్దాయన (న్యూజెర్సీ)

బాబూ, నేను హాకీ చూడను. పంతొమ్మిదేళ్ళు ఇండియన్ కిరాణా కొట్టు నడిపాను, పోయిన ఏడాది అమ్మేశాను. చెత్త గురించి నాకు తెలిసినంత మీలో ఎవరికీ తెలియదు, అందుకే రాస్తున్నాను.

ఇళ్ళ చెత్త చాలా ఊళ్ళలో మునిసిపాలిటీ చూసుకుంటుంది. కొట్టు చెత్త మనమే చూసుకోవాలి. వెనకాల ఇనప డంప్‌స్టర్, అంటే పెద్ద చెత్త తొట్టి, పెట్టించుకుని, ప్రైవేటు కంపెనీతో ఒప్పందం రాసుకోవాలి. కూరగాయలు అమ్మే కొట్టుకు చెత్త రోజూ వస్తుంది. కుళ్ళిన టమాటా, కరివేపాకు కాడలు, బియ్యం బస్తాలు, అట్టపెట్టెలు. వారానికి మూడుసార్లు లారీ రాకపోతే వాసన, ఈగలు, హెల్త్ ఇన్‌స్పెక్టర్. కాబట్టి వాడు ఎంత అడిగితే అంత ఇవ్వాల్సిందే. అద్దె, కరెంటు తర్వాత నాకు నెలనెలా గుండె దడ పుట్టించిన బిల్లు చెత్తదే.

ఒకసారి నా బిల్లు ఎక్కువనిపించి ఇంకో కంపెనీకి ఫోన్ చేశాను. మీ కొట్టు అడ్రసు చెప్పండి అన్నారు. చెప్పాను. తర్వాత ఫోన్ చేస్తామన్నారు. చేయలేదు. ఇంకొకరికి చేశాను, అదే తంతు. నాకు జరిగింది పెద్ద కుట్ర అని నేను అనను. ఆ కంపెనీలకు మా వీధి దూరమయ్యిందేమో. కానీ గోల్‌పోస్ట్ బాబు రాసిన "ఒకరి ఖాతాదారుడి దగ్గరికి ఇంకొకరు పోకూడదు" అన్న ముక్క చదవగానే, ఆ రోజు ఫోన్ పట్టుకుని కూర్చున్నది గుర్తొచ్చింది.

న్యూయార్క్ నగరంలో ఇలాంటి ముఠానే 1995లో జిల్లా అటార్నీ మోర్గెంథా కేసులు పెట్టి పగలగొట్టాడు. మరుసటి ఏడాది నగరం దీనికోసమే ఒక కమిషన్ పెట్టింది. ఆ తర్వాత అక్కడి వ్యాపారాలకు చెత్త బిల్లులు బాగా తగ్గాయి. అంటే అంతకుముందు ప్రతి హోటలూ, ప్రతి కొట్టూ ఎంత అదనంగా కట్టిందో చూడండి.

ఇప్పుడు డాన్‌బరీ సంగతి. ఆ ఏడున్నర లక్షల డాలర్ల జీతాలు ఎక్కడివి? ఆటగాళ్ళు చెత్త కంపెనీ ఉద్యోగులని జీతం తీసుకున్నారు కదా. ఆ కంపెనీకి డబ్బు ఎవరిచ్చారు? ఆ ఊళ్ళో పిజ్జా కొట్టు వాడు, లాండ్రీ వాడు, నాలాంటి కిరాణా వాడు. వాళ్ళు బిల్లులో ఎక్కువ కట్టారు. అదే డబ్బుతో జట్టు నడిచింది. మళ్ళీ శుక్రవారం టికెట్ కొని వెళ్ళి చప్పట్లు కొట్టారు. మంచుబాట బాబు అది ఊరి జట్టు అంటున్నాడు. నాకైతే అది ఆ కొట్ల వాళ్ళ జట్టు. వాళ్ళ డబ్బుతో కట్టారు, వాళ్ళకు చెప్పకుండా.

---

ఉప్పల్ స్టాండ్ (హైదరాబాద్)

అన్నలూ, హాకీ నాకు తెల్వదు కానీ పోయిన జట్టుకు అభిమానిగా ఉండటం తెలుసు. డెక్కన్ చార్జర్స్. 2008లో ఐపీఎల్ పట్టికలో అట్టడుగు, 2009లో దక్షిణాఫ్రికాలో కప్పు. గిల్‌క్రిస్ట్ కప్పు ఎత్తిన రాత్రి మా బస్తీలో ఎవరూ నిద్రపోలేదు. తర్వాత యాజమాన్య సంస్థ అప్పుల్లో కూరుకుపోయింది, 2012లో బీసీసీఐ ఫ్రాంచైజీనే రద్దు చేసింది. ఆ నీలం జెర్సీ ఇప్పటికీ మా బీరువాలో ఉంది. సన్‌రైజర్స్‌కు కూడా అరుస్తాను, కానీ అది వేరు.

ఇక్కడ నా బాధ ఏంటంటే, అభిమానిని ఎవరూ లెక్కలోకి తీసుకోరు. ఓనర్ ఎవరో, పైసలు ఎక్కడివో మనల్ని అడిగి పెట్టరు. పేరు మన ఊరిది పెడతారు. మనం ప్రేమిస్తాం. తర్వాత ఒకరోజు పొద్దున పేపర్లో జట్టు లేదని తెలుస్తుంది. ఆ తర్వాత ఇంకొకరు వచ్చి నువ్వు ప్రేమించింది తప్పు అంటారు. టికెట్ కొన్నోడు దొంగ కాదు. మంచుబాట అన్న టీషర్టు తీయక్కర్లేదు.

పెద్దాయన చెప్పిన "కొట్ల వాళ్ళ జట్టు" మాట మాత్రం చాలా బాగుంది. నేను అట్లనే అనుకుంటాను ఇకమీద.

---

గోల్‌పోస్ట్ (టొరంటో)

ఉప్పల్ స్టాండ్ తమ్ముడూ, అభిమానిని ఎవరూ తప్పుపట్టడం లేదు. నేను తప్పుపడుతున్నది కథను చెప్పే తీరును. పదిహేడేళ్ళ కుర్రాడు, తండ్రి కొనిచ్చిన జట్టు, చెత్త డబ్బా లోగో, కొట్లాటలు. వినడానికి భలే ఉంటుంది. ఆ కుర్రాడి మీద కేసు లేదు, ఆయన తర్వాత డాన్‌బరీలోనే బాక్సింగ్ జిమ్ పెట్టుకుని కుర్రాళ్ళకు నేర్పిస్తున్నాడు. ఆయనను నేను నిందించను. ఆ వయసులో తండ్రి ఒక జట్టు చేతిలో పెడితే ఎవరు వద్దంటారు? కొడుకు కోసం తండ్రి చేసిన పని అని చెబితే మనసు కరుగుతుంది. నాకూ కరిగింది.

కానీ మనసు కరిగే ఆ కథలో పెద్దాయన చెప్పిన పిజ్జా కొట్టు వాడు ఎక్కడా కనపడడు. బెదిరింపుకు భయపడి వ్యాపారం వదులుకున్న చిన్న లారీ యజమాని కనపడడు. పోటీపడబోయిన ఆ చిన్నవాడికి కూడా కొడుకు ఉండి ఉంటాడు.

---

లెక్కలపుస్తకం (విశాఖపట్నం)

నా పాత పోస్టులో కొలంబియా బొగ్గు పోలిక సరిగ్గా కుదరలేదు, వదిలేయండి. దానికన్నా పెద్దాయన చెప్పిందే అసలు లెక్క. లీగ్‌లో మిగతా జట్లకు జరిగిన అన్యాయం చిన్నది, ఊళ్ళో కొట్లకు జరిగింది పెద్దది. నేను చిన్నదాని గురించి మాట్లాడాను.

మంచుబాట గారు ముందు అడిగిన ప్రశ్నకు కూడా ఒక మాట. నిజాయితీగా మూసుకున్న జట్లు ఎందుకు గుర్తు లేవు, ఇదే ఎందుకు గుర్తుంది అన్నారు. మిగతావి మూడింతల జీతాలు ఇవ్వలేకపోయాయి, అందుకే మంచి ఆటగాళ్ళు రాలేదు, అందుకే జనం రాలేదు, అందుకే మూతపడ్డాయి. డాన్‌బరీ గుర్తుండటానికీ అవి మరుగున పడటానికీ కారణం కొంతవరకు ఒకటే డబ్బు.

---

మంచుబాట (కనెక్టికట్)

రెండు రోజులు ఏం రాయాలో తోచలేదు.

ట్రాషర్స్ తర్వాత డాన్‌బరీలో హాకీ ఆగలేదు. మ్యాడ్ హ్యాటర్స్ ఒక ఏడు ఆడారు. తర్వాత వేలర్స్, టైటన్స్. ఇప్పుడు 2019 నుంచి హ్యాట్ ట్రిక్స్ అని ఉంది, 2023లో వాళ్ళ లీగ్ కప్పు గెలిచారు. పేర్లు చూడండి, టోపీల ఊరి పేరే మళ్ళీ తెచ్చుకున్నారు. అదే రింక్. నేను చెప్పిన ఊరి గర్వం ట్రాషర్స్‌తో పోలేదన్నమాట. చెత్త డబ్బు లేకుండానే ఆ ఊరు జట్టును నిలబెట్టుకుంది, కప్పు కూడా తెచ్చుకుంది. ఇది నాకు తెలిసిన విషయమే, కానీ ఇలా ఎప్పుడూ ఆలోచించలేదు.

టీషర్టు పారేయను. అది నా ఇరవై ఆరో ఏడు. ఆ చలిలో, ఊరు కాని ఊళ్ళో, ఎవరూ తెలియని మమ్మల్ని పక్క సీటు ముసలాయన భుజం మీద చెయ్యి వేసి ఆట నేర్పించాడు. పక్ (బంతికి బదులు ఆడే రబ్బరు బిళ్ళ) ఎటు పోతుందో కాదు, మనిషి ఎటు చూస్తున్నాడో చూడు అన్నాడు. అది అబద్ధం కాదు. కానీ "గర్వకారణం" అన్న నా మొదటి మాట వెనక్కి తీసుకుంటున్నాను. హాకీ అమ్మ గారు చెప్పిందానికి ఒక సగం, పెద్దాయన చెప్పిందానికి ఒక సగం.

ఆ ముసలాయన ఏం చేసేవారో అడగలేదు నేను. చేతులకు పిండి అంటుకుని ఉండేది, ఎక్కడో బేకరీ అనుకున్నాం. ఒకవేళ ఆయనదే ఆ కొట్టయితే, వెనకాల డంప్‌స్టర్ కూడా ఉండే ఉంటుంది.

---

కొట్టు పెద్దాయన (న్యూజెర్సీ)

ఉంటుంది బాబూ. బేకరీకి వారానికి మూడుసార్లు తక్కువ కాదు.

ఆ రోజుల్లో డాన్‌బరీ చుట్టుపక్కల హోటలో, కొట్టో నడిపి, ఆ బిల్లు కట్టి, ఆ మ్యాచ్‌లు కూడా చూసిన తెలుగువాళ్ళు ఎవరైనా ఇక్కడ ఉంటే రాయండి. ఈ ప్రశ్నకు జవాబు చెప్పాల్సింది వాళ్ళు.